పెద్దిగాడి విజిల్

ఒరేయ్ శీనూ,

ఆలస్యానికి తిట్టుకో, కానీ ముందు ఇది చదువు. అందరం బాగున్నాం, అమ్మ మోకాలు పర్లేదు, ఉప్పల్ ట్రాఫిక్ సంగతి అడక్కు.

ఆదివారం గదిలో డైరెక్టర్ కుబ్రిక్ తీసిన 'డాక్టర్ స్ట్రేంజ్‌లవ్' సినిమా వేశాను. 1964 నాటి బ్లాక్ అండ్ వైట్. "యుద్ధం సినిమా అన్నావు, ఫైటింగేదిరా?" అని పెద్దిగాడు ఒకటే గొణుగుడు. బిర్యానీ అంటేగానీ రాలేదులే!

మతిపోయిన అమెరికా జనరల్ ఒకడు రష్యా మీదికి అణుబాంబు విమానాలు పంపేస్తాడు. వెనక్కి పిలిచే కోడ్ కనిపెట్టిన బ్రిటిష్ ఆఫీసర్ దగ్గర ప్రెసిడెంట్‌కి ఫోన్ చెయ్యడానికి చిల్లరుండదు. పక్కనే ఉన్న కోకాకోలా మిషన్ని కాల్చి చిల్లర తియ్యమంటే, అది ప్రైవేటు ఆస్తి అంటాడు కల్నల్! పెద్దిగాడు దిండు మీద పడి నవ్వాడు. మన హాస్టల్ వార్డెన్ గుర్తొచ్చాడట.

అసలు సంగతి ఇప్పుడు. అన్ని విమానాలూ ఆగినా ఒకటి ఆగదు. దాని రేడియో పాడైంది, ఇంధనం కారిపోతోంది, అయినా కుర్రాళ్ళు అదరరు. అచ్చం మనం చిన్నప్పట్నుంచీ చప్పట్లు కొట్టిన వీరులే. బాంబు తలుపులు ఇరుక్కుపోతే ఆ విమానం నడిపే మేజర్ కాంగ్ కౌబాయ్ టోపీతో బాంబు మీదెక్కి వైర్లు కలుపుతాడు. తలుపులు తెరుచుకున్నాయి. పెద్దిగాడు క్రాస్‌రోడ్స్‌లో బెనిఫిట్ షోకి వేసినట్టు విజిలేశాడు!

వేసి, ఆగిపోయాడు. "ఒరే, ఇప్పుడు అందరూ పోతార్రా?" అన్నాడు.

పోతారు. చూశావా కుబ్రిక్ గడుసుతనం? వీరత్వం, కర్తవ్యం, చివరి నిమిషం టెన్షన్... యుద్ధ సినిమా సరంజామా ఒక్కటీ తీసెయ్యలేదు. గెలిస్తే లోకం మునిగే పనికి వాటిని వాడాడు, అంతే. 'రెడ్ అలర్ట్' నవల పట్టుకుని ముందు సీరియస్‌గానే రాయబోయాడట. అదే 1964లో కొలంబియా సినిమా కంపెనీవాళ్ళు ఇలాంటి కథతోనే 'ఫెయిల్ సేఫ్' విడుదల చేశారు, అది పూర్తిగా సీరియస్. చూస్తే గుండె బరువెక్కుతుంది, కాదన్ను. కానీ అందులో తప్పు మిషన్‌ది. ఇక్కడ విజిల్ మనది. నాకు ఇదే పెద్ద సినిమా. నువ్వు ఒప్పుకోవని తెలుసు, "ఏడిపించినోడే డైరెక్టర్" బ్యాచ్ కదా నువ్వు!

బిర్యానీ వచ్చాక కూడా వాడు మాట్లాడలేదు. పెద్దిగాడు! బిర్యానీ ముందు! నమ్ముతావా?

అన్నట్టు చివర్లో కేకులతో కొట్టుకునే సీను తీసి మరీ కోసేశారట, దాని గురించి నా థియరీ ఏంటంటే... క్యాబ్‌వాడు ఫోన్ మీద ఫోన్. మిగతాది తర్వాత.

నీ,
బుజ్జి