తప్పు మా అమ్మ చేతిది కాదు, మీ సూదిది

కస్టమర్ సపోర్ట్ విభాగానికి, ఫిర్యాదుల అధికారికి

విషయం: మీ గేమ్‌లోని పండగ చేపల పోటీలో తెర మీద కదిలే సూది వేగం, మళ్లీ ఆడే టికెట్లకు కట్టిన డబ్బు, మీరు పంపిన జవాబు గురించి

నమస్కారం.

మీ పల్లెటూరి గేమ్ ఆడేది నేను కాదు, మా అమ్మ. ఖాతా నా పేరు మీద ఉంది, డబ్బు నా కార్డు నుంచి పోయింది, అందుకే ఈ ఉత్తరం నేను రాస్తున్నాను. కానీ ఆ ఊరు, ఆ పొలం, ఆ పాక అన్నీ ఆవిడవే. ఆవిడకు 64 ఏళ్లు. రెండేళ్ల నుంచి రోజూ మధ్యాహ్నం భోజనం అయ్యాక ఒక గంట ఆడుతుంది.

మాది తెనాలి దగ్గర పల్లె. నాన్న పోయాక పొలం కౌలుకిచ్చి అమ్మ హైదరాబాద్‌లో నా దగ్గరికి వచ్చేసింది. మూడో అంతస్తు ఫ్లాట్, బాల్కనీలో నాలుగు కుండీలు. నలభై ఏళ్లు వరి, పసుపు పండించిన మనిషికి అక్కడ చెయ్యడానికి ఏముంటుంది? మీ గేమ్‌ని ఫోన్‌లో పెట్టి ఇచ్చింది మా పాప. మొదటి వారం అమ్మ అడిగిన ప్రశ్నలు నాకు ఇప్పటికీ గుర్తే. ఈ కాలవకి నీళ్లు ఎప్పుడు వదులుతారు, ఈ ఆవు ఈనుతుందా, నాట్లకి మనుషులు దొరకరా అని అడిగేది. ఆవుకి గౌరి అని పేరు పెట్టుకుంది. మా ఇంట్లో ఉన్న ఆవు పేరు అదే.

పాలు పితకడం, కూరగాయలు తరగడం, గుడ్లు ఏరడం, చేపలు పట్టడం, మీరు పెట్టిన మినీ గేమ్‌లన్నీ ఆవిడ ఒక్కొక్కటే నేర్చుకుంది. అన్నిటికంటే ఇష్టం చేపలు పట్టడం. చిన్నప్పుడు అన్నదమ్ములతో కాలవ గట్టు మీద కూర్చుని వానపాము ఎరగా పెట్టి గాలం వేసిన మనిషి ఆవిడ. మీ గేమ్‌లో బెండు మునిగినప్పుడు ఆవిడ భుజం ముందుకి కదులుతుంది, నేను చాలాసార్లు చూశాను.

ఇక్కడ ఒక విషయం చెప్పాలి. అమ్మకి కుడి చేతిలో వణుకు ఉంది. ఎసెన్షియల్ ట్రెమర్ అంటారు. చెయ్యి ఊరికే ఒళ్లో పెట్టుకుంటే ఉండదు, ఏదైనా పట్టుకున్నప్పుడు, పని చేస్తున్నప్పుడు వస్తుంది. టెన్షన్ పడితే ఎక్కువవుతుంది. కాఫీ గ్లాసు రెండు చేతులతో పట్టుకుంటుంది. అయినా పాత ఫోన్‌లో మీ చేపల పోటీ గెలిచేది. ఆ ఆటలో తెర మీద ఒక సూది ఈ చివర నుంచి ఆ చివరకి పరిగెడుతుంది, అది ఆకుపచ్చ గీత మీద ఉన్నప్పుడు నొక్కితేనే చేప పడుతుంది. ఎలాగంటే, టేబుల్ మీద తువ్వాలు మడతపెట్టి దాని మీద మణికట్టు ఆనించేది. బొటనవేలు తెరకి వెంట్రుకవాసి పైన ఉంచేది. సూది ఎడమ చివర నుంచి బయలుదేరగానే లోలోపల ఒకటి, రెండు అని లెక్కపెట్టుకుని, ఆకుపచ్చ గీత దగ్గరికి వచ్చేసరికి వేలు దించేది. సూదిని చూసి నొక్కితే ఆలస్యమవుతుందని ఆవిడే కనిపెట్టింది. లెక్కతో నొక్కాలట. ఈ కిటుకు ఎవరూ నేర్పలేదు. పోయిన ఏడాది మీ గేమ్‌లో జరిగిన చివరి నాలుగు పండగల్లో మూడింటికి మొదటి బహుమతి ఆవిడదే. ఆ గెలుపు బొమ్మలు ఫోటో తీసి మా మేనత్తకి పంపింది కూడా.

ఈ సంక్రాంతికి నేను పెద్ద తెర ఉన్న కొత్త టాబ్లెట్ కొన్నాను. అక్షరాలు పెద్దగా కనిపిస్తాయి, కళ్లకి సుఖంగా ఉంటుంది అనుకున్నాను. ఆ రోజు నుంచి అమ్మ ఒక్క పోటీ కూడా గెలవలేదు. ఫిబ్రవరి నుంచి మే దాకా నాలుగు పండగలు. మూడు నిమిషాల పోటీలో పాత ఫోన్ మీద ఎనిమిది, తొమ్మిది చేపలు పట్టిన మనిషి, టాబ్లెట్ మీద రెండు పట్టింది, తర్వాత ఒకటి, తర్వాత ఒక్కటీ లేదు. మీ గేమ్‌లో పోటీ గెలిస్తేనే పడవ తాత కథ ముందుకి నడుస్తుంది. గెలవకపోతే ఆయన రేవులో అదే చోట నిలబడి, అదే మాట చెప్తాడు. నాలుగు నెలలుగా అమ్మ ఆయన దగ్గరికి వెళ్లి, ఆ ఒక్క మాట విని వెనక్కి వస్తోంది.

ఓడిన ప్రతిసారీ తెర మీద మళ్లీ ఆడే టికెట్ చూపిస్తారు. ఒక్కోటి 89 రూపాయలు. ఆరు కొన్నాం. 534 రూపాయలు. మొదటి రెండూ నన్ను అడిగి కొంది, తర్వాతవి నేనే కొనిచ్చాను, ఎందుకంటే ఆవిడ అడగడానికి మొహమాటపడుతోంది.

మే నెల పండగ అయిపోయిన సాయంత్రం అమ్మ టాబ్లెట్ పక్కన పెట్టి, "నాన్నా, నా చెయ్యి బాగా పాడైపోయినట్టుంది. ఒకసారి డాక్టర్‌ని చూద్దామా" అంది. ఆవిడంతట ఆవిడ డాక్టర్ దగ్గరికి వెళ్దామనడం నాకు తెలిసి అదే మొదటిసారి. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

డాక్టర్ కాగితం మీద పెన్నుతో మధ్యలో నుంచి చుట్టలు చుట్టలుగా గియ్యమన్నారు. ఒక గ్లాసులో నీళ్లు ఇంకో గ్లాసులోకి పొయ్యమన్నారు. పోయినేడాది గీసిన కాగితం మా ఫైల్‌లోనే ఉంది. రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి చూపించారు. గీత అదే, వణుకు అదే. చెయ్యి ఏమీ ముదరలేదమ్మా, మందు కూడా మార్చక్కర్లేదు అన్నారు. అమ్మ నమ్మలేదు. మరి చేపలు ఎందుకు పడట్లేదు అని డాక్టర్‌నే అడిగింది.

ఆ ప్రశ్న నా బుర్రలో ఉండిపోయింది. చెయ్యి మారలేదు. మారింది టాబ్లెట్ ఒక్కటే. ఆ ఆదివారం పాత ఫోన్, కొత్త టాబ్లెట్ పక్కపక్కన పెట్టి రెండింట్లోనూ మీ చేపల ఆట తెరిచాను. ఇంకో ఫోన్‌తో సెకనుకి 240 ఫ్రేములు తీసే స్లోమోషన్‌లో వీడియో తీశాను. తర్వాత ఒక్కో ఫ్రేమూ జరుపుతూ లెక్కపెట్టాను. పాత ఫోన్‌లో సూది ఈ చివర నుంచి ఆ చివరకి వెళ్లడానికి 1.6 సెకన్లు పడుతోంది. టాబ్లెట్‌లో 0.8 సెకన్లు. సరిగ్గా సగం. ఆకుపచ్చ గీత మొత్తం పొడవులో ఐదో వంతు. అంటే పాత ఫోన్‌లో సూది ఆకుపచ్చ మీద 0.32 సెకన్లు ఉంటే, టాబ్లెట్‌లో 0.16 సెకన్లే ఉంటోంది. ఏ జబ్బూ లేని మనిషికి కూడా కంటితో చూసి వేలు కదపడానికి దాదాపు పావు సెకను పడుతుంది. అమ్మ లెక్కపెట్టి నొక్కుతుంది కదా అంటారేమో, ఆవిడ లెక్క పాత వేగానికి కుదిరిన లెక్క. ఆవిడ "రెండు" అనేసరికి సూది అటు చివర తాకి వెనక్కి తిరిగేసింది.

ఎందుకిలా అవుతోందో నాకు అర్థమైంది, మీ ప్రోగ్రామర్లకి ఇంకా బాగా అర్థమవుతుంది. పాత ఫోన్ తెర సెకనుకి 60 సార్లు బొమ్మని మారుస్తుంది. టాబ్లెట్ తెర 120 సార్లు. మీ సూది గడియారం చూసి కదలట్లేదు, తెర బొమ్మ మారిన ప్రతిసారీ ఒక అడుగు వేస్తోంది. తెర రెట్టింపు వేగంగా మారితే సూదీ రెట్టింపు వేగంగా పరిగెడుతుంది. దీన్ని నిర్ధారించుకోవడానికి టాబ్లెట్ సెట్టింగ్స్‌లో తెరని 60కి తగ్గించాను. సూది మళ్లీ 1.6 సెకన్లకి వచ్చింది. 120కి పెంచితే 0.8. పదిసార్లు మార్చి మార్చి చూశాను, పదిసార్లూ ఇదే.

ఇంకొకటి గమనించండి. అదే తెర మీద పైన కనిపించే మూడు నిమిషాల గడియారం రెండింట్లోనూ సరిగ్గానే నడుస్తోంది. అంటే అసలైన కాలాన్ని లెక్కపెట్టడం మీకు తెలుసు, టైమర్‌కి ఆ పని చేశారు కూడా. సూదికి మాత్రం చెయ్యలేదు. పాలు పితికే ఆటలోనూ ఇదే తేడా ఉంది. కాకపోతే అక్కడ ఓడినా పాలు కాస్త తక్కువ వస్తాయంతే, కథ ఆగదు.

ఈ వీడియోలు తీయకముందు, ఏప్రిల్‌లోనే, నేను మీకు ఫిర్యాదు పంపాను. అమ్మ చేతి సంగతి కూడా రాశాను. మూడు రోజులకి జవాబు వచ్చింది. మినీ గేమ్‌లు సాధన చేస్తే వస్తాయని, ఇంకా అవకాశాలు కావాలంటే మళ్లీ ఆడే టికెట్లు వాడుకోవచ్చని. ఏ ఫోన్ వాడుతున్నారు అని ఒక్క మాట అడగలేదు. ఆ జవాబు అమ్మకి చదివి వినిపించింది నేనే. అది చదవకుండా ఉండాల్సింది. ఆవిడ ఆ మాట నమ్మింది. తర్వాతి వారమంతా మధ్యాహ్నం గంట కాస్తా రెండు గంటలు అయింది. చెయ్యి నొప్పెట్టేదాకా సాధన చేసింది.

గేమ్‌లో పోటీ ఉండకూడదని నేను అనట్లేదు. గెలుపు కష్టంగా ఉంటేనే అమ్మకి కూడా ఇష్టం. కానీ ఇలాంటి ప్రశాంతమైన గేమ్‌లు చేసినవాళ్లు ఆడేవాళ్ల గురించి ఎలా ఆలోచించారో చూడండి. 2016లో వచ్చిన స్టార్‌డ్యూ వ్యాలీలో చేపల ఆట కష్టమే. అందుకే అందులో 25 నాణేలకి ఒక శిక్షణ గాలం అమ్ముతారు. దానితో సులువైన చేపలే పడతాయి, కానీ పట్టుకునే గీత పెద్దగా ఉంటుంది. 2020లో వచ్చిన యానిమల్ క్రాసింగ్ న్యూ హొరైజన్స్‌లో చేప బెండుని ఊరికే నాలుగుసార్ల దాకా కొరకచ్చు, ఐదోసారి తప్పకుండా పట్టుకుంటుంది. అక్కడా చేపల పోటీ మూడు నిమిషాలే. మళ్లీ ఆడాలంటే 500 బెల్స్ కట్టాలి, అది గేమ్‌లో పండ్లమ్మి సంపాదించుకునే డబ్బు, మన జేబులోది కాదు. 2018లో వచ్చిన సెలెస్ట్ ఇలాంటి ప్రశాంతమైన గేమ్ కాదు, ఎంతో కష్టమైనదని పేరు. అందులో కూడా ఆట వేగాన్ని సగం దాకా తగ్గించుకునే వీలుంది, దానికి ఎవరూ అదనంగా డబ్బు అడగరు.

మీ నుంచి నేను కోరేది ఇది. ముందు సూదిని గడియారంతో నడిపించండి, ఏ తెర మీదైనా ఒకే వేగం ఉండాలి. అది సరిచేసేదాకా చేపల పోటీ మొదలయ్యే చోట, 120 తెర వాడేవాళ్లు 60కి మార్చుకోమని ఒక వాక్యం పెట్టండి. మా అమ్మలాగే తమ చెయ్యి పాడైందనుకుంటున్న వాళ్లు ఇంకెందరున్నారో. మేం కట్టిన 534 రూపాయలు వెనక్కి ఇవ్వండి. చెడిపోయిన ఆటని మళ్లీ ఆడటానికి టికెట్ అమ్మడం న్యాయం కాదు. ఆ నాలుగు పండగల బహుమతులు, ముఖ్యంగా తుఫాను దీపం, ఆవిడ ఖాతాలో వెయ్యండి. పడవ తాత కథని గెలుపుతో ముడిపెట్టడం మానెయ్యండి, పోటీలో పాల్గొంటే చాలు అనండి. వీలైతే సెట్టింగ్స్‌లో సూది వేగం తగ్గించుకునే మీట ఒకటి పెట్టండి. చేతులు వణికేవాళ్లకి, చూపు తగ్గినవాళ్లకి, చిన్నపిల్లలకి అది చాలా అవసరం.

2020 నాటి వినియోగదారుల ఈ-కామర్స్ నియమాల ప్రకారం ఫిర్యాదు అందినట్టు 48 గంటల్లో తెలియజేసి, నెల రోజుల్లో పరిష్కరించాలి. భారతదేశంలో అమ్మే డిజిటల్ వస్తువులకీ ఆ నియమాలు వర్తిస్తాయి. నెల దాటితే 1915 నంబరుకి ఫోన్ చేసి జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్‌లో నమోదు చేయిస్తాను. మీతో గొడవ పెట్టుకోవాలని ఈ మాట చెప్పట్లేదు. ఏప్రిల్‌లో వచ్చినలాంటి జవాబే మళ్లీ రాకూడదని చెప్తున్నాను. మూడు వీడియోలు, రెండు పరికరాల వివరాలు, ఆరు టికెట్ల రసీదులు ఫారంతో పాటు జతచేశాను.

తెరని 60కి తగ్గించిన రోజు అమ్మకి ఏమీ చెప్పకుండా టాబ్లెట్ చేతిలో పెట్టాను. తువ్వాలు మడతపెట్టుకుని, మణికట్టు ఆనించుకుని, ఏ ఆశా లేకుండా గాలం వేసింది. మొదటిది పడింది. రెండోదీ పడింది. ఐదో చేప పడ్డాక వేలు ఎత్తి, కుడి చెయ్యి తిప్పి తిప్పి చూసుకుంది. అప్పుడు నేను విషయం చెప్పాను. "మరి వాళ్లు సాధన చెయ్యమన్నారుగా" అంది.

ఆ మాటకి జవాబు చెప్పాల్సింది మీరు. డబ్బు సంగతి నాకు రాయండి, అమ్మకి మాత్రం విడిగా ఒక ఉత్తరం పంపండి. తప్పు గేమ్‌లో ఉందని, ఆవిడ చేతిలో లేదని రాయండి. తెలుగులో రాయండి, ఆవిడే చదువుకుంటుంది.

ఇట్లు,
మీ ఖాతాదారుడు,
కూకట్‌పల్లి, హైదరాబాద్