నా మోకాలిని మళ్లీ మైదానం దాకా తెచ్చినవాళ్లకు

మోకాలి గాయం తర్వాత శనివారం మొదటి ఫుట్‌బాల్ మ్యాచ్ ఆడి ఫోన్ తెరిస్తే మెసేజ్‌లు కుప్పలుగా ఉన్నాయి. అందరికీ విడివిడిగా జవాబు రాద్దామని కూర్చున్నాను. పదో మెసేజ్ దగ్గరికి వచ్చేసరికి అవే మాటలు తిప్పి తిప్పి రాస్తున్నానని అర్థమైంది. అందుకే ఇక్కడ ఒకేసారి రాస్తున్నాను. కాస్త పొడుగైతే ఏమీ అనుకోకండి.

ముందు లెక్క చెప్పేస్తాను. 79వ నిమిషంలో దిగాను. ఆడింది 11 నిమిషాలు, ఆపైన కలిపిన 5. బంతి నా కాలికి తగిలింది ఆరుసార్లో ఏడుసార్లో. ఒక హెడర్, రెండు క్లియరెన్స్‌లు, వాళ్ల వింగర్ చొక్కా పట్టుకుని లాగినందుకు ఒక పసుపు కార్డు. ఆ కార్డు చూసి బెంచీ మీద మా ఫిట్‌నెస్ కోచ్ చప్పట్లు కొట్టాడట. "కార్డు తెచ్చుకున్నాడంటే మోకాలి సంగతి మర్చిపోయినట్టే" అన్నాడట. నిజంగానే మర్చిపోయాను. 13 నెలల్లో అదే మొదటిసారి.

13 నెలల కిందట గాయమైన రోజు నన్ను ఎవరో కావాలని తన్నారని చాలామంది అనుకుంటున్నారు. ఎవరూ తన్నలేదు. ఆ రోజు ఎదుటి జట్టు స్ట్రైకర్‌ను ప్రెస్ చేయడానికి, అంటే మీదికి వెళ్లి ఒత్తిడి పెట్టడానికి, డిఫెండర్ల లైన్ వదిలి ముందుకొచ్చాను. అతను లోపలికి తిరిగాడు. నేనూ కాలు గట్టిగా నేలమీద నాటి దిశ మార్చబోయాను. ఒళ్లు ఒకవైపు, మోకాలు ఇంకోవైపు. టప్‌మని ఒక శబ్దం. ఏసీఎల్ (మోకాలి లోపల ఎముకలను పట్టి ఉంచే లిగమెంట్) తెగేది చాలాసార్లు ఇలాగే, ఎదుటివాడు తగలకుండానే, అందులోనూ ప్రెస్ చేసేటప్పుడు ఎక్కువ అని తర్వాత తెలిసింది. ఆ స్ట్రైకర్ ముందుకు పరుగెత్తి ఉంటే ఎదురుగా మా గోల్‌కీపర్ ఒక్కడే. అతను బంతిని బయటికి తన్నేసి మా బెంచీ వైపు చేతులూపాడు. నెలకోసారి "మోకాలు ఎలా ఉంది బ్రదర్" అని ఒక్క లైను పంపుతూనే ఉన్నాడు. మొదటి థాంక్స్ అతనికే. మళ్లీ ఎదురుపడినప్పుడు ఇదేమీ గుర్తుపెట్టుకోను, అది వేరే సంగతి.

సర్జన్ గారికి. లిగమెంట్‌తో పాటు మెనిస్కస్ కూడా చిరిగిందని స్కాన్‌లో తేలింది. చిరిగిన ముక్క కత్తిరించి తీసేస్తే తొందరగా కోలుకోవచ్చు, కుట్టు వేస్తే ఎక్కువ నెలలు పడుతుంది, కానీ ఎముకల మధ్య ఆ మెత్త నీకు మిగులుతుంది అని ఆయన బొమ్మ గీసి చూపించారు. నేను తొందరగా అయ్యేదే అడిగాను. ఆయన కోప్పడలేదు. "ఆట మానేశాక కూడా మెట్లెక్కాలి కదా" అన్నారు. కుట్టే వేయించుకున్నాను.

ఆ రోజుల్లో చూడ్డానికి వచ్చిన ప్రతివాడూ నాకు ఇటలీ డిఫెండర్ ఫ్రాంకో బరేసీ కథ చెప్పాడు. 1994 ప్రపంచ కప్‌లో నార్వేతో మ్యాచ్‌లో మోకాలు దెబ్బతిని, ఆపరేషన్ చేయించుకుని, మూడున్నర వారాల్లో ఫైనల్‌కు దిగి బ్రెజిల్‌ను 120 నిమిషాలు ఆపాడు కదా, నువ్వెందుకు దిగలేవు అని. అంత మంచి కథను నేను అంతగా అసహ్యించుకున్న రోజులు లేవు. ఆయనది మెనిస్కస్ గాయం, నాది లిగమెంట్ తెగడం. ఈ తేడా విడమరిచి చెప్పి నన్ను ఆ కథ నుంచి బయటపడేసింది ఫిజియో మేడమ్. "నువ్వు చూడాల్సింది వాన్ డైక్‌ని" అన్నారు. 2020 అక్టోబర్‌లో మోకాలు పోయిన ఆ లివర్‌పూల్ డిఫెండర్ మళ్లీ లీగ్ మ్యాచ్ ఆడింది 2021 ఆగస్టులో. అంత పెద్ద క్లబ్బు, అన్ని వసతులు ఉండి కూడా పది నెలలు.

మేడమ్ గురించి రాయాలంటే ఇంకో పోస్టు కావాలి. మొదటి రెండు వారాలు నాకిచ్చిన పని ఒక్కటే. మడమ కింద తువ్వాలు చుట్ట పెట్టి మోకాలు పూర్తిగా చాపడం, తొడ ముందు కండరాన్ని బిగించడం. పన్నెండేళ్లు ప్రొఫెషనల్‌గా ఆడినవాణ్ణి, నా తొడకు నేను చెప్పినట్టు వినమని బతిమాలుకున్నాను. రెండో నెల చివరికి వాపు పోయింది, నొప్పి లేదు, పరుగెత్తుతానని గొడవ పెట్టుకున్నాను. అప్పుడు మేడమ్ చెప్పిన మాట గాయపడిన ప్రతి ఆటగాడూ వినాలి. హ్యామ్‌స్ట్రింగ్ (తొడ వెనక కండరం) నుంచి తీసి, తెగిన లిగమెంట్ చోట పెట్టిన ఆ గ్రాఫ్ట్ మొదటి నెలల్లో లోపల బలం కోల్పోయి, తర్వాత మెల్లగా కొత్త లిగమెంట్‌గా మారుతుందట. సరిగ్గా అది అతి బలహీనంగా ఉన్న రోజుల్లోనే మోకాలు బాగైపోయినట్టు అనిపిస్తుంది. నేను గొడవ పెట్టుకున్నది అలాంటి రోజునే.

ఇంకొకటి. మేడమ్ ఫుట్‌బాల్ చూడరు. ఒకరోజు నోట్‌బుక్ తీసి "మ్యాచ్‌లో నువ్వు చేసే పనులన్నీ చెప్పు, గోల్ కొట్టడం వద్దు" అన్నారు. (ఆ షరతుతో నాకు పోయిందేమీ లేదు. పన్నెండు సీజన్లలో నా గోల్స్ నాలుగు, సెల్ఫ్ గోల్స్ రెండు.) వెనక్కి పరుగెత్తడం, అలా పరుగెత్తుతూనే నడుము తిప్పి స్ప్రింట్‌లోకి మారడం, ఒకడు వీపు మీద ఒరిగి ఉండగా ఎగిరి హెడర్ కొట్టి ఒంటికాలి మీద దిగడం, ట్యాకిల్‌కు జారి వెంటనే లేవడం. చెప్పుకుంటూ పోతే రెండు పేజీలయ్యాయి. తర్వాతి ఆరు నెలల ఎక్సర్‌సైజులన్నీ ఆ రెండు పేజీల్లోంచే వచ్చాయి. వెనక్కి పరుగెత్తుతుంటే మేడమ్ ఉన్నట్టుండి "ఎడమ" అని అరిచేవారు, నేను ఎడమకు తిరగాలి. ఒంటికాలి గెంతులో ఆపరేషన్ అయిన కాలు రెండో కాలితో పోలిస్తే 90 శాతం దూరం దాటేవరకు, తొమ్మిది నెలలు నిండేవరకు, గ్రౌండ్‌లో ఎవరితోనూ ఢీకొనడానికి వీల్లేదన్నారు. మొదటి పరీక్షలో 71 వచ్చింది. ఇంటికి వెళ్లేటప్పుడు దారంతా మాట్లాడలేదు.

ఆరో నెలలో కాంట్రాక్ట్ అయిపోయింది. పొడిగించడం లేదని క్లబ్బు నుంచి నాలుగు లైన్ల మెయిల్. ఏ క్లబ్బో రాయను, రూల్ ప్రకారం వాళ్లది తప్పు కూడా కాదు. కానీ ఆ నాలుగు లైన్లలో ఒక్కటి ఫోన్‌లో చెప్పి ఉంటే బాగుండేది. ఆ తర్వాత మూడు వారాలు నేనెవరికీ ఏమీ చెప్పలేదు. డిఫెండర్లకు ఇది ఒక జబ్బు అనుకుంటా. ఒకడు బంతి మీదికి వెళ్తే ఇంకొకడు వెనక కవర్‌గా నిలబడాలి, మా పనిలో సగం అదే. పక్కవాడికి కవర్ ఇవ్వడం ఎంత అలవాటో, నాకు కవర్ కావాలని అరవడం అంత సిగ్గు.

నాకోసం ఆ అరుపు మా పాత కెప్టెన్ అన్న అరిచాడు. ఆటగాళ్ల యూనియన్ వాళ్లకు నా సంగతి చెప్పింది అతనే. యూనియన్‌లో ఒక అక్క నా కాంట్రాక్ట్‌ను అక్షరం అక్షరం చదివింది. గాయానికి అయ్యే చికిత్స ఖర్చు గురించి పదిహేడో పేజీలో ఒక నిబంధన ఉంది. సంతకం చేసిన నాకు అలాంటిదొకటి ఉందనే తెలియదు. దాంతో ఫిజియో ఖర్చు ఆగకుండా వచ్చింది. ఇంకో సంగతీ ఆమే చెప్పింది. క్లబ్బులు కొత్త ఆటగాళ్లను చేర్చుకునే రిజిస్ట్రేషన్ గడువు ముగియకముందే కాంట్రాక్ట్ అయిపోయిన ఆటగాణ్ణి ఆ గడువు దాటాక కూడా చేర్చుకోవడానికి ఫిఫా నియమాల్లో వీలుందని. అంటే తలుపు ఇంకా మూసుకోలేదు. ఆ రాత్రి నిద్ర పట్టింది. క్లబ్బు లేని ఆటగాళ్ల కోసం యూనియన్ పెట్టిన క్యాంపుకు నన్ను పంపించింది కూడా ఆమే. అక్కడ ఉన్న ఇరవై మందిలో ఒక్కడు కూడా "ఇప్పుడు ఏ క్లబ్బు?" అని అడగలేదు. ఆ ప్రశ్న లేని చోటు దొరకడం ఎంత హాయో మాటల్లో చెప్పలేను.

నా మొదటి కోచ్ సార్‌కు. ఆయన కూడా డిఫెండరే, 1992కు ముందు ఆడినవారు. కాలితో వెనక్కి పాస్ ఇస్తే గోల్‌కీపర్ చేత్తో పట్టుకునే కాలం. ఆ రూల్ మార్చి డిఫెండర్ల బతుకు పాడు చేశారని ఇప్పటికీ అంటారు. వారానికి రెండుసార్లు వచ్చి నా పాత మ్యాచ్‌ల వీడియో పెట్టి, మధ్యలో ఆపి, "ఇక్కడ నువ్వెక్కడుండాలి?" అని అడిగేవారు. ఒక్కోసారి స్క్రీన్ మీద నేను కనిపించేవాణ్ణే కాదు, అదే తప్పు. "ఇక నుంచి నీకు అర అడుగు వేగం తక్కువ. ఆ అర అడుగు ముందే బయల్దేరు" అన్నారు. ఇటలీ డిఫెండర్ పాలో మాల్దినీ 2009లో, దాదాపు 41 ఏళ్ల వయసులో చివరి మ్యాచ్ ఆడాడు. ఆ వయసులో కాళ్లతో ఎవర్ని పట్టుకుంటాడు, కళ్లతోనే కదా అనేవారు. నాలుగు గోల్స్‌లోంచి రెండు సెల్ఫ్ గోల్స్ తీసేసి "నికరం రెండు" అని వెక్కిరించడం కూడా మానలేదు. దానికి నా జవాబు ఎప్పుడూ ఒకటే. డిఫెండర్ లిలియాన్ థురామ్ ఫ్రాన్స్‌కు 142 మ్యాచ్‌లు ఆడి కొట్టినవి రెండే, ఆ రెండూ 1998 ప్రపంచ కప్ సెమీఫైనల్లోనే. నాకింకా టైముంది సార్.

ఇప్పటి క్లబ్బులో నా పక్కన ఆడే తమ్ముడికి. వాడికి 21 ఏళ్లు. నేను ట్రయల్‌కు వచ్చింది వాడి చోటుకే అని వాడికి తెలుసు. అయినా రోజూ ప్రాక్టీస్ అయ్యాక అరగంట ఆగి నాకు క్రాస్‌లు కొట్టాడు. మొదట్లో నేను ఎగరడానికి భయపడి వదిలేసిన బంతుల్ని ఎవరూ చూడకుండా వెళ్లి తెచ్చేవాడు. "అన్న రెడీగా ఉన్నాడు" అని కోచ్‌కు చెప్పింది వాడేనని మొన్న తెలిసింది. శనివారం నేను దిగింది వాడి బదులే. బయటికి వస్తూ నా తల మీద ఒక్కటిచ్చి వెళ్లాడు.

ఇంట్లోవాళ్ల గురించి ఇక్కడ రాయడం లేదు. రాస్తే ఊరుకోనని మా ఆవిడ ముందే చెప్పింది.

మెసేజ్‌లు పెట్టిన అభిమానులకు, నేను ఆడిన పాత క్లబ్బుల వాళ్లకు, తమ పిల్లలకు ఇదే ఆపరేషన్ అయిందని రాసిన ముగ్గురు తల్లిదండ్రులకు థాంక్స్. మీ ముగ్గురికీ విడిగా రాస్తాను. ఈలోపు ఫిజియో చెప్పిన నెలల కంటే ఒక్క వారం కూడా ముందు దింపకండి.

చివరగా మా గోల్‌కీపర్ అన్నకు. 88వ నిమిషంలో కార్నర్ వచ్చినప్పుడు "వదిలెయ్, నాది!" అని నువ్వు అరిచావు. వినపడలేదని డ్రెస్సింగ్ రూమ్‌లో చెప్పాను. వినపడింది అన్నా. 13 నెలల తర్వాత తల మీదికి వస్తున్న మొదటి బంతి అది, ఎలా వదలమంటావు?