కోర్దోబా పూల లోగిళ్ల నడక: ఈ సీజన్ నుంచి ఏమేం మారుతున్నాయంటే

కోర్దోబా పూల లోగిళ్లలో మేం తెలుగులో నడిపించే మే నెల నడకలకి బుకింగులు తెరిచాం. డబ్బు కట్టే ముందు ఇది ఒకసారి పూర్తిగా చదవండి. గుంపు చిన్నదవుతోంది, ధర పెరుగుతోంది, పండగ రోజుల్లో సాయంత్రం నడక ఆపేస్తున్నాం. మూడూ మీ మీద ప్రభావం చూపేవే కాబట్టి కారణాలు దాచకుండా చెప్పడం మా బాధ్యత.

కొత్తగా వస్తున్నవాళ్ల కోసం రెండు ముక్కలు. దక్షిణ స్పెయిన్‌లోని కోర్దోబాలో పాత ఇళ్లు చాలావరకు మన మండువా ఇళ్లలాగే నడుమ ఆకాశం కనపడే వాకిలి చుట్టూ కట్టినవి. దాన్ని అక్కడ పాతియో అంటారు. గోడల నిండా కుండీలు, మధ్యలో బావి, కింద గులకరాళ్లు పరిచిన నేల. చాలావాటిలో ఒకప్పుడు నాలుగైదు కుటుంబాలు వాటాలకుండేవి. బావి, బట్టలుతికే తొట్టి, వంటగది అందరివీ ఉమ్మడి. ఈ లోగిళ్ల పోటీని నగరపాలక సంస్థ 1921లో మొదలుపెట్టింది. 2012లో ఈ పండగని యునెస్కో మానవాళి అమూర్త వారసత్వ జాబితాలో చేర్చింది. ఏటా మే మొదటి రెండు వారాల్లో, పోటీలో ఉన్న ఇళ్లవాళ్లు తలుపులు తీసి ఊరందరినీ లోపలికి రానిస్తారు.

ఇప్పుడు అసలు సంగతి. పండగ రోజుల్లో ఈ ఇళ్లలోకి ప్రవేశం ఉచితం. టికెట్ ఉండదు. మీరు మాకిచ్చేది లోపలికి వెళ్లడానికి కాదు: ఏ వీధిలో ఏ ఇల్లు ముందు చూడాలి, ఎండ ఏ గోడ మీద ఎప్పుడు పడుతుంది, ఆ కుండీ అక్కడే ఎందుకుంది అన్నవి తెలుగులో వినడానికి. లైను తప్పించి లోపలికి పంపడం మా చేతుల్లో లేదు. అలా ఎవరైనా మాటిస్తే నమ్మకండి. తలుపు దగ్గర ఒకరు నిలబడి, లోపలివాళ్లు బయటికొచ్చిన కొద్దీ కొత్తవాళ్లని పంపుతుంటారు. గైడుతో వచ్చినా, ఒంటరిగా వచ్చినా ఒకటే వరస.

గుంపుని పద్నాలుగు నుంచి ఎనిమిదికి ఎందుకు తగ్గించామంటే, ఈ ఇళ్ల కొలతలే కారణం. వీధి తలుపు దాటగానే సగ్వాన్ అనే సన్నని నడవా వస్తుంది. ఇద్దరు పక్కపక్కన నడిస్తే అది నిండిపోతుంది. దాని చివర ఇనుప చువ్వల తలుపు, ఆ తర్వాత వాకిలి. పద్నాలుగు మంది ఒకేసారి వెళ్తే ముందున్న నలుగురికే మాట వినిపిస్తుంది, వెనకవాళ్లు గోడకి ఒదిగి నిలబడతారు. అక్కడే నష్టం జరుగుతుంది. గోడ మీది కుండీలకి ప్రమాదం వీపు సంచీలతో: మనిషి పక్కకి తిరిగితే సంచీ కుండీని కొడుతుంది. నేల మీది కుండీలకి ప్రమాదం ఫొటో కోసం వెనక్కి వేసే అడుగుతో. ఇక గోడకి ఆనుకుంటే, వసంతంలో కొత్తగా వేసిన సున్నం చీరకో చొక్కాకో అంటుకుంటుంది.

అందుకని పద్ధతి కూడా మార్చాం. చెప్పాల్సిందంతా వీధిలోనే, లోపలికి వెళ్లక ముందే చెప్పేస్తాం. లోపల మాటలు తక్కువ. సంచీలు ముందుకి వేసుకోవాలి. ఇంటివాళ్లు ఎదురైతే ‘బ్వేనస్ దియాస్’ అనండి, వచ్చేటప్పుడు ‘గ్రాసియాస్’ అనండి. అది వాళ్ల ఇల్లు. వాళ్ల వంటగది కిటికీ కూడా ఆ వాకిట్లోకే తెరుచుకుంటుంది, అందులోకి కెమెరా పెట్టకూడదు.

ధర మనిషికి 18 యూరోల నుంచి 24కి వెళ్తోంది. గుంపు దాదాపు సగమైతే గైడు ఖర్చు తలా ఎక్కువ పడుతుంది, అంతే లెక్క. పన్నెండేళ్లలోపు పిల్లలకి పాత ధరే.

సాయంత్రం నడక గురించి. పండగలో ఇళ్లు సాధారణంగా పొద్దున పదకొండు నుంచి రెండు దాకా, మళ్లీ సాయంత్రం ఆరు నుంచి పది దాకా తెరుస్తారు. సాయంత్రం చల్లబడ్డాక ఊరంతా కదులుతుంది. పేరున్న ఇంటి ముందు లైను వీధి మలుపు తిరుగుతుంది. రెండు గంటల నడకలో మూడు ఇళ్లకి మించి చూపించలేకపోతున్నాం, మిగతా సమయమంతా నిలబడటమే. దానికి డబ్బు తీసుకోవడం సరికాదనిపించింది. ఇకనుంచి పండగలో మంగళవారం నుంచి గురువారం వరకు, ఉదయం పూట మాత్రమే నడుస్తాం. పదిన్నరకి కలుస్తాం, వీధుల కథ చెబుతూ పదకొండుకి పది నిమిషాల ముందే మొదటి తలుపు దగ్గరికి చేరతాం. అలా వెళ్తే రెండున్నర గంటల్లో ఐదారు ఇళ్లు తీరుబడిగా చూడొచ్చు. శనాదివారాలు మాత్రమే కుదిరేవాళ్లు మా దగ్గర బుక్ చేసుకోకండి. నగరంవాళ్లు ఇచ్చే ఉచిత మ్యాపు తీసుకుని, సాంతా మారీనా, సాన్ లొరెన్సో పేటల వైపు సొంతంగా తిరగండి. నదికి దగ్గరున్న సాన్ బాసిలియో కంటే ఆ వైపు జనం కాస్త పలచగా ఉంటారు.

మేం నడిచేది సాన్ బాసిలియోలోనే. దీన్నే అల్కాసర్ వియేహో అని కూడా అంటారు. రాజకోటకీ నగరపు గోడకీ మధ్య ఇరుక్కున్న పేట, అందుకే వీధులు తిన్నగా, ఇళ్లు చిన్నగా ఉంటాయి. ఆ ఇరుకే ఈ లోగిళ్లకి అందం తెచ్చింది: నేల మీద చోటు లేక పూలు గోడలెక్కాయి.

పూల గురించి ఎక్కువ ప్రశ్నలొస్తున్నాయి. ఫొటోల్లో చూసినవన్నీ ఒకే రోజు కనపడవు. మేలో గోడలని ఏలేది హితనీయా, అంటే కిందికి జారే పాకుడు జెరేనియం. దాంతోపాటు మామూలు జెరేనియం, కార్నేషన్లు, పెటూనియాలు, కాగితం పూలు. నీడ గోడల కింద హైడ్రాంజియాలు, ఫెర్నులు, వెడల్పాటి ఆకుల పిలిస్త్రాలు. పుల్ల నారింజ పూల వాసన కోసం వచ్చేవాళ్లు మార్చి చివర్లోనో ఏప్రిల్‌లోనో రావాలి, మే నాటికి అది అయిపోతుంది. జాజులకి, రాత్రి వాసనొచ్చే నైట్ క్వీన్‌కి నిండు వేసవి కావాలి. లేత నీలం ప్లంబాగో మేలో మొదలై శరదృతువు దాకా పూస్తుంది.

ఈ వరస కూడా ఎండని బట్టి తప్పుతుంది. 2023 ఏప్రిల్ 27న కోర్దోబా విమానాశ్రయంలో 38.8 డిగ్రీలు నమోదైంది. పండగకి ముందు వారం అలా కాస్తే హితనీయా మొగ్గలు తొందరగా విచ్చి, రెండో వారానికి రేకులు రాలతాయి. వాన పడితే ఇంకో బాధ: తడిసిన పూలగుత్తులు గోధుమ రంగుకి తిరిగి కుళ్లుతాయి, సున్నం గోడల మీద చారలు పడతాయి, గులకరాళ్ల నేల జారుతుంది, కొందరు తలుపులు మూసేస్తారు. మొదటి వారంలో రావాలా, రెండో వారంలోనా అని అడిగితే మా జవాబు మొదటి వారమే.

నీళ్లు పోసే పద్ధతి చూడటానికే కొందరు ప్రత్యేకంగా వస్తారు, రావాల్సిందే. పై కుండీలకి నిచ్చెన వేయరు. మూడు మీటర్ల గెడ చివర ఒక రేకు డబ్బా కడతారు, బకెట్లో ముంచి పైకెత్తి, కుండీ అంచున వంచుతారు. పైపుతో పోస్తే ఏమవుతుందంటే, ధార బలానికి మట్టి ఎగిరి సున్నం గోడ మీద పడుతుంది, పూరేకులు తడిసి కుళ్లుతాయి, ఏ కుండీకి ఎంత చేరిందో తెలియదు. డబ్బాతో అయితే కొలత చేతిలో ఉంటుంది. అర లీటరు పట్టే డబ్బా అనుకుంటే మూడొందల కుండీలకి నూట యాభై లీటర్లు, పన్నెండు లీటర్ల బకెట్లు పన్నెండున్నర. మేలో రోజుకోసారి, జూలై, ఆగస్టుల్లో చాలాచోట్ల రెండుసార్లు. పై వరసకే ముందు పోస్తారు: గోడ వేడి, పైకి లేచే గాలి తగిలి ఆ చిన్న మట్టి కుండీలే ముందు ఎండుతాయి, వాటిలోంచి కారింది కింది వరసకి పనికొస్తుంది. ఈ పని పొద్దున్నే, లేదా సందర్శకులు వెళ్లాక జరుగుతుంది కాబట్టి మా నడకలో దాన్ని చూపిస్తామని మాట ఇవ్వలేం. పుయెర్తా దెల్ రింకోన్ దగ్గర, గెడతో నీళ్లు పోస్తున్న స్త్రీ కంచు విగ్రహం ఉంది. అది మాత్రం ఎప్పుడైనా చూడొచ్చు.

కొన్ని గోడల మీద హితనీయా తగ్గి పెటూనియా, బిగోనియా పెరగడం పాత కస్టమర్లు గమనించి అడిగారు. కారణం ఒక చిన్న గోధుమరంగు సీతాకోకచిలుక. దక్షిణాఫ్రికాది, 1980ల చివర్లో స్పెయిన్ దీవుల ద్వారా యూరప్‌కి చేరింది. మొగ్గల దగ్గర గుడ్లు పెడుతుంది, పిల్ల పురుగు కాడలోకి తొలుచుకుపోతుంది. పైన ఆకులు పచ్చగానే ఉంటాయి, లోపల కాడ నల్లబడి గుల్లవుతుంది. మొగ్గ మీద గుండ్రటి చిన్న చిల్లు కనపడితే అదే గుర్తు. బాసిల్లస్ తురింజియెన్సిస్ అనే బ్యాక్టీరియాతో చేసిన మందు చల్లుతారు కానీ, పురుగు కాడలోకి దూరాక అది పనిచేయదు, లోపలికి పోకముందే చల్లాలి. ఆలస్యమైతే కాడ కింది దాకా కత్తిరించి, ఇంటికి దూరంగా పారేయడమే దారి.

అందుకే ఒక మాట గట్టిగా చెబుతున్నాం: దయచేసి కొమ్మలు తుంచుకోకండి. మీరు తుంచిన చోటే వచ్చే ఏడాది గుత్తి రావాలి. పైగా అనుమతి పత్రాలు, మొక్కల ఆరోగ్య ధ్రువపత్రం లేకుండా నాటే కొమ్మల్ని ఇండియాకి తీసుకెళ్లడం నిషిద్ధం. ఇంట్లో పెంచుకోవాలనుంటే మీ ఊరి నర్సరీలోనే పాకుడు జెరేనియం అడగండి. హైదరాబాద్‌లో, విజయవాడలో అది చలికాలపు మొక్క: అక్టోబర్‌లో నాటితే మార్చి దాకా పూస్తుంది, ఏప్రిల్ ఎండకి కుంగిపోతుంది. ఎనిమిది, పది సెంటీమీటర్ల కొమ్మ తీసి, కింది ఆకులు తుంచి, కోసిన చివర కొన్ని గంటలు ఆరనిచ్చి, ఇసుక కలిపిన మట్టిలో గుచ్చాలి. మూడు, నాలుగు వారాల్లో వేళ్లొస్తాయి. నీళ్లు ఎక్కువైతేనే చస్తుంది, తక్కువై చచ్చేది అరుదు.

పండగ కాని రోజుల్లో వచ్చేవాళ్లకి: సాన్ బాసిలియోలో కొన్ని ఇళ్లు ఇతర నెలల్లోనూ తెరుస్తారు, కానీ అప్పుడు ఇంటివాళ్లు ప్రవేశ రుసుము తీసుకుంటారు. అది మా 24 యూరోల్లో కలవదు, అక్కడే కట్టాలి. ఇంకా తీరిక ఉంటే సాంతా మారీనాలోని వియానా ప్యాలెస్‌కి వెళ్లండి, టికెట్ మీద పన్నెండు లోగిళ్లు ఒకేచోట చూడొచ్చు. వాటాల ఇంటి వాకిలికీ ప్రభువుల వాకిలికీ తేడా అక్కడ కళ్లకి కడుతుంది. అక్టోబర్‌లో ఫ్లోరా అనే పూలకళ ఉత్సవం 2018 నుంచి జరుగుతోంది. అందులో కుండీలు కాదు, కళాకారులు పూలతో కట్టే పెద్ద నిర్మాణాలు ఉంటాయి. జూలై, ఆగస్టుల్లో మేం నడకలు పెట్టం. నలభై డిగ్రీల ఎండలో ఎవర్నీ నడిపించం.

పెద్దవాళ్లని తీసుకొచ్చేవాళ్లు ఇది చూడండి. దూరం మొత్తం కిలోమీటరున్నరే, కానీ నేల గుండ్రటి గులకరాళ్లది. మెత్తటి అడుగున్న, మడమ పట్టి ఉంచే బూట్లు కావాలి. చెప్పులతో చీలమండ మెలిపడుతుంది. గడపలకి ఒక మెట్టో రెండు మెట్లో ఉంటాయి, చక్రాల కుర్చీ చాలా ఇళ్లలోకి వెళ్లదు. లోగిళ్లలో బాత్రూములు ఉండవు, నడకకి ముందే స్టేషన్‌లోనో హోటల్లోనో చూసుకోండి. మాడ్రిడ్ నుంచి హైస్పీడ్ రైలు సుమారు గంటా ముప్పావు. మేలో ఆ టికెట్లు ముందే అయిపోతాయి, ధరలూ పెరుగుతాయి. మా నడక ఖరారు కాగానే రైలు టికెట్ తీసుకోండి. స్టేషన్ నుంచి సాన్ బాసిలియోకి నడిస్తే దాదాపు అరగంట.

వాన పడి సగం ఇళ్లు మూసేస్తే పూర్తి డబ్బు వెనక్కిస్తాం. చిన్న జల్లు పడి ఇళ్లు తెరిచే ఉంటే నడుస్తాం. మీరే రాలేకపోతే మూడు రోజుల ముందు చెప్పండి, మొత్తం తిరిగొస్తుంది. ఆ తర్వాత చెబితే సగం.

పాత ధరకి ఇప్పటికే బుక్ చేసుకున్నవాళ్ల దగ్గర తేడా అడగం. పండగ సాయంత్రాలకి బుక్ చేసుకున్నవాళ్లందరికీ ఈ వారంలో విడిగా మెసేజ్ వస్తుంది: ఉదయానికి మారతారా, డబ్బు వెనక్కి కావాలా చెప్పండి. ఉదయం నడకల్లో మొదటి చోట్లు మీకే ఉంచాం, ఏప్రిల్ 10 వరకు వాటిని ఇంకెవరికీ ఇవ్వం.