గల్ఫ్ నుంచి వచ్చే డబ్బు సరే, పోవడానికి పెట్టిన డబ్బు లెక్కేదీ?

సంపాదకుడికి,

విదేశాల్లో ఉన్నవాళ్ళు ఇంటికి పంపే డబ్బులో ప్రపంచంలో మనదే మొదటి స్థానమని ఏటా ఒకసారి వార్త వస్తుంది. ప్రపంచ బ్యాంకు అంచనా ప్రకారం 2024లో వచ్చింది దాదాపు 12,900 కోట్ల డాలర్లు. సరుకుల వ్యాపారంలో దేశానికి ఏర్పడే లోటులో సగం దాకా ఈ డబ్బే పూడుస్తోంది. పెట్టుబడుల కోసం మన ముఖ్యమంత్రులు దావోస్ దాకా పోయి వస్తారు. విదేశీ కంపెనీలు దేశంలో పెట్టేదానికంటే ఎక్కువ పంపేవాళ్ళు మాత్రం ఏ రాయితీ అడగకుండా శంషాబాద్ విమానాశ్రయంలో అర్ధరాత్రి లైన్లో నిలబడి ఉంటారు.

నేను మెట్‌పల్లి, కోరుట్ల ప్రాంతాల్లో చాలాకాలం బ్యాంకు కౌంటర్లో పనిచేసి రిటైరయ్యాను. ఈ డబ్బు ఎలా వస్తుందో, వచ్చాక ఎటు పోతుందో రోజూ చూసినవాణ్ణి. దుబాయి నుంచి డబ్బు పడిందని ఫోన్‌కు మెసేజ్ రాగానే భార్యో తల్లో వచ్చి విత్‌డ్రా ఫారం రాయించుకునేది. అప్పు ఇచ్చిన ఆసామి మనిషి చాలాసార్లు బ్యాంకు బయట మెట్ల దగ్గరే నిలబడి ఉండేవాడు. ఖాతాలో 15 వేలు పడితే సాయంత్రానికి మిగిలేది వెయ్యి, రెండు వేలు. రిజర్వ్ బ్యాంకు పుస్తకాల్లో అది విదేశాల నుంచి వచ్చిన ఆదాయం. ఆ ఇంటి లెక్కలో ఆ నెల మిత్తి.

ఒక లెక్క వేసి చూపిస్తాను. వెయ్యి దిర్హాముల (దుబాయి డబ్బు) జీతమంటే మన డబ్బులో 23 వేలకు పైనే. తిండికీ ఫోన్‌కూ పోను 15 వేలు పంపాడనుకుందాం. ఇంటి ఖర్చుకు 8 వేలు తీస్తే అప్పుకు మిగిలేది 7 వేలు. ఏజెంటుకీ మెడికల్ పరీక్షలకీ తిరుగుళ్ళకీ కలిపి లక్ష రూపాయలు నూటికి మూడు రూపాయల మిత్తికి తెచ్చి ఉంటే, అసలు తగ్గేకొద్దీ మిత్తి తగ్గించే మంచి ఆసామి దొరికినా ఆ అప్పు తీరడానికి 19 నెలలు పడుతుంది. అతని వీసా రెండేళ్ళు. అంటే సొంతానికి మిగిలేది ఐదు నెలల సంపాదన. మధ్యలో కంపెనీ రెండు మూడు నెలల జీతం ఆపితే అదీ లేదు.

మరి చట్టం ఏం చెబుతోంది? లైసెన్సు ఉన్న ఏజెంటు తీసుకోవాల్సింది 30 వేలు, జీఎస్టీతో కలిపి 35,400. ఆ డబ్బు బ్యాంకు నుంచి నూటికి రూపాయి మిత్తికి దొరికితే అదే 7 వేల చొప్పున ఆరో నెలలో తీరిపోతుంది. తేడా 13 నెలలు, అంటే ఒక్కో మనిషికి 91 వేలు. ఊరికి రావాల్సిన డబ్బు ఊరు దాటకముందే పోతోంది. దీన్ని ఏ శాఖా లెక్కగట్టదు. రశీదంటూ ఇస్తే 30 వేలకే ఇస్తారు, మిగతాదంతా నోటిమాట.

పదో తరగతి పాసవనివాళ్ళు గల్ఫ్‌తో సహా 18 దేశాలకు పనికి పోవాలంటే ఎమిగ్రేషన్ క్లియరెన్స్ (దేశం వదిలి పనికి పోవడానికి ప్రభుత్వ అనుమతి) తీసుకోవాలి. దాంతోపాటు ప్రవాసీ భారతీయ బీమా తప్పనిసరి: రెండేళ్ళకు 275 రూపాయల ప్రీమియం, ప్రమాదంలో చనిపోతే 10 లక్షలు. విజిట్ వీసా మీద తోలుకుపోయే ఏజెంటు ఈ రెండింటినీ ఎగ్గొడతాడు. అక్కడికి పోయాక పని మారినా, యజమాని దగ్గర్నుంచి పారిపోయి 'కల్లివెల్లి' (కాగితాలు లేని కార్మికుడు) అయినా ఏ కాగితంలోనూ ఆ మనిషి ఉండడు. అసలు ఈ బీమా గుండెపోటుకు వర్తించదు. గల్ఫ్ నుంచి వచ్చే పెట్టెల్లో గుండెపోటు మరణాలు ఎన్నో మా జిల్లాలో ఎవరిని అడిగినా చెబుతారు.

మొత్తం అంకె చూసి సంబరపడితే వచ్చే చిక్కు ఇంకోటి ఉంది. రిజర్వ్ బ్యాంకు 2023-24 సర్వేలో తెలంగాణ వాటా 8.1 శాతం, ఆంధ్రప్రదేశ్‌ది 4.4 శాతం. దేశం మొత్తం మీద అమెరికా నుంచి వచ్చేది 27.7 శాతం, యూఏఈ నుంచి 19.2 శాతం. డాలస్‌లో ఉన్న సాఫ్ట్‌వేర్ ఇంజనీరు నార్సింగిలో ఫ్లాటు కోసం పంపేదీ, షార్జా క్యాంపులో పైమంచం మీద పడుకునేవాడు బియ్యం, ఫీజుల కోసం పంపేదీ, కువైట్‌లో ఇంటిపని చేసే రాయచోటి ఆడమనిషి పంపేదీ ఒకే కూడికలోకి వెళ్తాయి. మొదటిది హైదరాబాద్ చుట్టూ భూముల ధరలు పెంచుతుంది. మిగతావి కిరాణా కొట్టునూ బడినీ నడుపుతాయి.

కరోనా ఏడాది ఇది బాగా తెలిసొచ్చింది. 2020లో మన దేశానికి వచ్చే డబ్బు 23 శాతం పడిపోతుందని ప్రపంచ బ్యాంకు అనుకుంది. పడిపోలేదు, ఎప్పటిలాగే 8,300 కోట్ల డాలర్లు వచ్చాయి. కానీ అదే ఏడాది మా దగ్గర పని పోయినవాళ్ళు విమానాలు దిగుతూనే ఉన్నారు. ఉన్న పొదుపంతా ఊడ్చుకుని వచ్చేవాడి డబ్బూ ఆ మొత్తంలో కలుస్తుంది మరి. ఆ సెప్టెంబరులోనే గల్ఫ్‌కు పోయే మన కార్మికుల కనీస రెఫరల్ వేతనాలను (ఇంతకు తక్కువైతే పంపకూడదని మన ప్రభుత్వం పెట్టే జీతాలను) కేంద్రం 30 నుంచి 50 శాతం దాకా తగ్గించింది. ఇతర దేశాలవాళ్ళు చౌకగా వస్తుంటే మనవాళ్ళకు ఉద్యోగాలు పోతాయన్నది అప్పుడు చెప్పిన కారణం. గొడవ జరిగి, కోర్టు దాకా పోయాక మరుసటి ఏడాది ఆ ఉత్తర్వు వెనక్కి తీసుకున్నారు.

వలస వల్ల ఊళ్ళు బాగుపడలేదని నేను అనను. స్లాబు ఇళ్ళు వచ్చాయి, ఆడపిల్లలు డిగ్రీలు చదివారు. భర్త అక్కడ ఉంటే ఇక్కడ బీడీలు చుట్టి ఇల్లు నిలబెట్టిన ఆడవాళ్ళ కష్టం కూడా అందులో ఉంది. అయితే మగవాళ్ళు అటు పోయాక ఇప్పుడు మా వైపు వరినాట్లకు బీహార్, బెంగాల్ నుంచి ముఠాలు వస్తున్నాయి. రైస్‌మిల్లు హమాలీలూ వాళ్ళే. దుబాయి నుంచి మా ఊరికి వచ్చిన డబ్బులో కొంత సాయంత్రానికి వాళ్ళ ఫోన్ల నుంచి దర్భంగాకో మాల్దాకో పోతుంది. బహుశా అక్కడా ఇలాగే ఒక ఆసామి మెట్ల మీద ఎదురుచూస్తుంటాడు.

ఇతర దేశాలు కొన్ని దారులు వెతికాయి. బంగ్లాదేశ్ 2010లో చట్టం చేసి వలస పోయేవాళ్ళకు అప్పులివ్వడానికే ప్రబాసీ కల్యాణ్ బ్యాంకు పెట్టింది. అయినా అక్కడ దళారుల బెడద పోలేదు. మిత్తి తగ్గి, ఏజెంటు ఫీజు తగ్గకపోతే లాభం కొంచెమే. నా లెక్కలోనే చూడండి: లక్ష అప్పు రూపాయి మిత్తికి తెచ్చినా తీరడానికి 15, 16 నెలలు పడుతుంది. నేపాల్ 2015లో వీసా, టికెట్టు ఖర్చు యజమానే పెట్టుకోవాలంది. అక్కడా చాలాచోట్ల తక్కువకు రశీదు రాసి ఎక్కువ వసూలు చేశారు. మన దేశంలోనే ఉన్న కేరళ మాత్రం 1998 నుంచి కొన్ని వేల ఇళ్ళను ఎంచుకుని వలస సర్వే చేయిస్తోంది. ఎవరు పోయారు, ఎంత ఖర్చు పెట్టి పోయారు, ఎందరు తిరిగొచ్చారో వాళ్ళకు తెలుసు. 2023 సర్వేలో కేరళకు వచ్చిన డబ్బు 2.16 లక్షల కోట్ల రూపాయలని తేలింది. జగిత్యాల, నిజామాబాద్, సిరిసిల్ల, నిర్మల్ జిల్లాలకైనా అలాంటి సర్వే చేయించడం ప్రభుత్వానికి పెద్ద పని కాదు.

గల్ఫ్‌లో చనిపోయినవారి కుటుంబాలకు తెలంగాణ ప్రభుత్వం 5 లక్షలు ఇస్తోంది. మంచిదే. కానీ బతికి సంపాదించేవాడికి పోయే ముందు సాయం కావాలి. మహిళా సంఘాల ద్వారా, వాటికి అప్పులిచ్చే సహకార సంస్థ స్త్రీనిధి నుంచి ఈ అప్పు ఇవ్వొచ్చు. అయితే డబ్బు ఇంటివాళ్ళ చేతికి కాకుండా లైసెన్సు ఉన్న ఏజెన్సీ ఖాతాకే నేరుగా వేయాలి, అదీ క్లియరెన్స్ నంబరు వచ్చాకే. అలా చేస్తే 30 వేలకు మించి అడిగేవాడికి అప్పు రాదు, విజిట్ వీసావాడికి అసలే రాదు. బ్యాంకుల వార్షిక రుణ ప్రణాళికలో పంటకు, బర్రెకు, ఆటోకు పద్దులున్నాయి. ఇన్ని వేల ఇళ్ళను పోషిస్తున్న వలసకు పద్దు లేదు. రాష్ట్ర స్థాయి బ్యాంకర్ల కమిటీ వచ్చే సమావేశంలో ఆ పద్దు పెట్టించమని ఆర్థిక మంత్రిని మీ పత్రిక ద్వారా కోరుతున్నాను.

ఇట్లు,
ఒక విశ్రాంత బ్యాంకు ఉద్యోగి,
మెట్‌పల్లి, జగిత్యాల జిల్లా