చాట్స్‌వర్త్ వైభవం వెనుక విషాదం

సంపాదకులకు నమస్కారం.

బ్రిటన్ ప్రభు కుటుంబాల గురించి రాసేటప్పుడు భవనాల వైభవాన్నే వర్ణించి, ఆ ఇళ్లలోని దుఃఖాన్ని విస్మరించడం న్యాయం కాదని నా అభిప్రాయం. డెవన్‌షైర్ 11వ డ్యూక్ ఆండ్రూ కావెండిష్ (1920–2004) రెండో కుమారుడు కనుక, ఆ బిరుదు నిజానికి ఆయనకు రావలసినది కాదు. అన్న విలియం 1944 మే నెలలో జాన్ ఎఫ్. కెన్నెడీ చెల్లెలు కాథ్లీన్‌ను వివాహమాడి, నాలుగు నెలలకే బెల్జియం యుద్ధరంగంలో మరణించగా, ఆమె కూడా 1948లో విమాన ప్రమాదంలో అసువులు బాసి, ఆ డ్యూక్ కుటుంబపు భవనమైన చాట్స్‌వర్త్ చెంతనున్న ఎడెన్సర్‌లో అత్తింటివారి శ్మశానంలోనే శాశ్వత విశ్రాంతి పొందారు. 1950లో ఆండ్రూ తండ్రి హఠాన్మరణంతో ఆస్తిపై 80 శాతం మరణ పన్ను పడింది. కుటుంబానికి చెందిన మరో భవనం హార్డ్‌విక్ హాల్‌ను, విలువైన కళాఖండాలను, వేల ఎకరాలను వదులుకుని, ఆండ్రూ దంపతులు చాట్స్‌వర్త్‌ను నిలబెట్టుకున్నారు. ఆ పట్టుదలే నన్ను ఎక్కువగా కదిలించింది.

ఇట్లు,
ఒక పాఠకుడు