నాటకమూ ఆడాలి, సినిమా కూడా ఆడాలి: మంత్రివర్యులకు బహిరంగ లేఖ

గౌరవనీయులైన ఆంధ్రప్రదేశ్ పర్యాటక, సాంస్కృతిక, సినిమాటోగ్రఫీ శాఖల మంత్రివర్యులకు నమస్కారాలతో వ్రాయునది.

తెలుగులో నాటకానికీ సినిమాకూ ఒకే క్రియాపదం ఉంది. రెండూ ఆడతాయి. నాటకం ఆడారా అని అడిగితే ప్రదర్శన జరిగిందా అని అర్థం, సినిమా ఆడిందా అని అడిగితే పెట్టిన డబ్బు వెనక్కి వచ్చిందా అని అర్థం. ఇరవై రెండేళ్లుగా ఈ రెండింటిలోనూ సొంత డబ్బూ అప్పు తెచ్చిన డబ్బూ పెడుతూ వస్తున్న చిన్న నిర్మాతగా, ఆ ఒక్క క్రియాపదం గురించే మీకు ఈ లేఖ రాస్తున్నాను. సాంస్కృతిక శాఖ, సినిమాటోగ్రఫీ శాఖ రెండూ మీ వద్దనే ఉన్నాయి. పైగా మన రాష్ట్రంలోని సంస్థ పేరు చలనచిత్ర, టీవీ, నాటకరంగ అభివృద్ధి సంస్థ. పేరులో నాటకరంగం చివరన ఉన్నా, ఉన్నందుకు సంతోషమే.

ముందుగా నాటకం సంగతి. మూడేళ్ల క్రితం పద్నాలుగు మందితో ఒక సాంఘిక నాటకం తయారు చేశాను. రెండు నెలల రిహార్సల్స్, రంగాలంకరణ, లైట్లు, సంగీతం, వ్యానులో సామాను రవాణా, ఇద్దరు నటీమణుల పారితోషికం అన్నీ కలిపి లక్షా ఎనభై వేలు ఖర్చయింది. నాటక పోటీలు నిర్వహించే నాలుగు పరిషత్తులలో ఆడాం. రెండు చోట్ల బహుమతులు వచ్చాయి, జ్ఞాపికలు వచ్చాయి, శాలువలు వచ్చాయి. ఖర్చులో సగం కూడా రాలేదు. పరిషత్తులను నేను తక్కువ చేయడం లేదు, అవి లేకపోతే ఈపాటికి ఆంధ్రదేశంలో తెర లేవడమే ఆగిపోయేది. కానీ పరిషత్తు నాటకం న్యాయనిర్ణేతల ముందు ఒక్కసారి ఆడి పెట్టె సర్దుకునే నాటకం. టిక్కెట్టు కొన్న ప్రేక్షకుడి ముందు వరసగా పది రాత్రులు ఆడే అవకాశం దానికి లేదు. ప్రభుత్వం నిర్వహించే నంది నాటకోత్సవాలదీ అదే పద్ధతి. 2023 డిసెంబరులో గుంటూరులో అవి జరిగినప్పుడు హాలు నిండిన రోజులను నేను కళ్లారా చూశాను. ఆ నాటకాలలో ఎన్ని ఆ తర్వాత పక్క జిల్లాలో ఆడాయో మీ అధికారులను ఒకసారి అడిగి చూడండి.

సురభి నాటక సమాజం వారిని గుర్తు చేసుకోవాలి. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో కీచకవధతో మొదలైన ఆ కుటుంబాలు నూరేళ్లు దాటి నిలబడడానికి మాయాబజారు నాటకంలోని రంగస్థల తంత్రాలు ఎంత కారణమో, వెళ్లిన ఊరిలో సొంత పాక వేసుకుని నెలల తరబడి అక్కడే ఆడగలగడం కూడా అంతే కారణం. హాలు తమది కనుక, నాటకం పదునెక్కేదాకా, ప్రేక్షకుడు మళ్లీ వచ్చేదాకా ఆగగలిగారు. పొరుగున కర్ణాటకలో హెగ్గోడులోని నీనాసం సంస్థ 1985 నుంచి తిరుగాట పేరిట ఏటా ఒక బృందంతో, కొన్ని నాటకాలతో రాష్ట్రమంతా తిరుగుతోంది.

మా వంటివారికి పాక లేదు, తిరగడానికి బండి లేదు, ఉన్నవన్నీ పురపాలక సంఘాల కళాక్షేత్రాలు. వాటిలో నెలకు రెండు శనివారాలు, రెండు ఆదివారాలు టిక్కెట్టు నాటకాలకు నామమాత్రపు అద్దెతో కేటాయించేలా పురపాలక శాఖతో మాట్లాడి ఒక ఉత్తర్వు ఇప్పించగలరని మొదటి కోరిక. రూ.500 వరకు ఉన్న నాటకం టిక్కెట్టుపై జీఎస్టీ లేదన్నది నిజమే, కానీ పన్ను లేని టిక్కెట్టు అమ్మేవాడికి తాను కట్టిన పన్ను తిరిగి రాదు కనుక, లైట్ల అద్దె మీదా సౌండు అద్దె మీదా పడే 18 శాతం నిర్మాత నెత్తినే మిగులుతుంది. అది ఢిల్లీలో తేలవలసిన విషయం. హాలు అద్దె మాత్రం ఇక్కడ తేల్చగలిగినదే.

ఇక సినిమా. ప్రజానాట్యమండలిని నడిపించిన డాక్టర్ గరికపాటి రాజారావు గారు రంగస్థలం మీద సంపాదించిన అనుభవంతో 1953లో పుట్టిల్లు చిత్రాన్ని నిర్మించి, దర్శకత్వం వహించారు. జమునకూ అల్లు రామలింగయ్యకూ అదే తొలి చిత్రం. నటులు నిలబడ్డారు, సినిమా ఆడలేదు, నిర్మాత నష్టపోయారు. డెబ్బై ఏళ్లు దాటినా ఈ దారిలో నడిచేవారి కథ పెద్దగా మారలేదు. నా రెండో సినిమాకు యాభై ఐదు లక్షలయింది. శుక్రవారం విడుదలైతే ఆదివారానికి ఒక థియేటరులో ఉదయం ఆట మాత్రమే మిగిలింది. జనం రాలేదని అన్నారు. కూలికి వెళ్లే మనుషుల మీద తీసిన సినిమాను ఉదయం ఆటకు పెడితే ఆ మనుషులు ఎలా వస్తారు?

2022 మార్చి 7 నాటి జీవో 13 ఈ జబ్బును గుర్తించింది. రోజుకు అయిదు ఆటలకు అనుమతిస్తూ, అందులో ఒకటి ఉదయం 11 నుంచి రాత్రి 9 గంటల మధ్య రూ.20 కోట్ల లోపు బడ్జెట్ సినిమాకు ఇవ్వాలని చెప్పింది. మంచి ఆలోచన. కానీ ఆ కొలతలో పంతొమ్మిది కోట్ల సినిమా, నా యాభై ఐదు లక్షల సినిమా ఒకే పంక్తిలో కూర్చుంటాయి. ఆ పంక్తిలో వడ్డన ఎవరికి ముందు జరుగుతుందో చెప్పనవసరం లేదు. రూ.2 కోట్ల లోపు చిత్రాలకు వేరే తరగతి పెట్టి, సాయంత్రం ఆటతో కనీసం ఒక వారం నిలిపి ఉంచేలా ఆ నిబంధనను సవరించాలనీ, ఏ జిల్లాలో ఏ థియేటరు ఆ ఆట ఇచ్చిందో ప్రతి నెలా ప్రకటించాలనీ రెండో కోరిక. కేరళలో చలనచిత్రాభివృద్ధి సంస్థకు సొంత థియేటర్లు ఉన్నాయి, 2024 మార్చి నుంచి సీ స్పేస్ అనే సొంత ఓటీటీ కూడా ఉంది. అంత దూరం వెళ్లమని ఇప్పుడే అడగడం లేదు.

సబ్సిడీ కూడా అడగడం లేదు. సబ్సిడీ కోసమే తీసే సినిమాలు ఎలా ఉంటాయో మా రంగంలో అందరికీ తెలుసు. నాటకానికి రెండు లక్షలు, సినిమాకు ఇరవై లక్షలు మించకుండా, టిక్కెట్టు రాబడి నుంచి తిరిగి చెల్లించే అప్పును మన రాష్ట్ర అభివృద్ధి సంస్థ ద్వారా ఇప్పిస్తే చాలు. బ్యాంకులో మా నాటకం తాకట్టుకు పనికిరాదు, బయట వడ్డీ నూటికి మూడు రూపాయలు.

వచ్చే నెల రెండో శనివారం మా కొత్త నాటకానికి ఒక కళాక్షేత్రంలో హాలు అడిగి అడ్వాన్సు కట్టాను. అధికారిక సభ ఏదైనా వస్తే బుకింగు రద్దవుతుందని రశీదు మీద రాసి ఇచ్చారు. ఆ సాయంత్రం ఆ ఊరిలో తమ సభ ఏదీ పెట్టుకోవద్దని మనవి. వీలైతే వంద రూపాయల టిక్కెట్టు కొని నాటకం చూడడానికి రండి, ముందు వరుసలో ఒక కుర్చీ ఉంచుతాను.

భవదీయుడు,
ఒక నాటక, చలనచిత్ర నిర్మాత