బ్రెయినియాక్ పిచ్చివాడు కాడు

సంపాదకుల వారికి నమస్కారములు.

గత ఆదివారం మీ పత్రిక పిల్లల పేజీలో కామిక్ పుస్తకాల ప్రతినాయకుల గురించి వచ్చిన వ్యాసాన్ని మా ఇంట్లో పెద్దా చిన్నా అందరం చదివాము. సూపర్‌మ్యాన్ శత్రువులలో ఒకడైన బ్రెయినియాక్‌ను అందులో వేరే గ్రహం నుంచి వచ్చిన పిచ్చి శాస్త్రవేత్తగా ఒక్క మాటలో తేల్చివేసి, విజ్ఞానం హద్దు మీరితే ఏమవుతుందో ఈ పాత్ర చెబుతుందని ముగించారు. పిల్లల పేజీలోని నాలుగు వాక్యాల మీద ఇంత పొడుగు ఉత్తరమా అని మీకు అనిపించవచ్చు. అయితే ఆ నాలుగు వాక్యాలు చదివిన పిల్లవాడికి మిగిలేది శాస్త్రవేత్త అంటే భయపడవలసిన మనిషి అనే అభిప్రాయం ఒక్కటే. ఆ పాత్రను సృష్టించినవారు చెప్పింది మాత్రం అది కాదు.

నేను ముప్పై నాలుగేళ్లు గ్రంథపాలకుడిగా పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్నవాణ్ని. ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ బొమ్మల పుస్తకాలను పిల్లల బల్ల మీద పరచి పెట్టడమే గాని కూర్చుని చదివింది లేదు. రెండేళ్ల క్రితం డాలస్‌లో మా అమ్మాయి ఇంట ఆరు నెలలు ఉన్నప్పుడు, చలికి బయట అడుగు పెట్టలేక, మనవడు అక్కడి పబ్లిక్ లైబ్రరీ నుంచి తెచ్చుకున్న సూపర్‌మ్యాన్ సంపుటాలను వరుసగా చదివాను. వాడు పోరాటాల బొమ్మలు చూసేవాడు, నేను ప్రచురణ సంవత్సరాలు చూసేవాణ్ని. వృత్తి పెట్టిన జబ్బు అనుకోండి. ఆ సంవత్సరాల వరుసలో పెట్టి చూస్తేనే బ్రెయినియాక్ ఎవరో నాకు తెలిసింది.

అతడు మొదట కనిపించింది యాక్షన్ కామిక్స్ 242వ సంచికలో, 1958 జూలైలో. కథ రాసినవారు ఆటో బైండర్, బొమ్మలు వేసినవారు అల్ ప్లాస్టినో. ఆకుపచ్చ ఒంటితో, బట్టతలతో, పక్కన కోకో అనే పెంపుడు కోతితో అంతరిక్ష నౌకలో వచ్చిన బ్రెయినియాక్ భూమి మీది మహానగరాలను ఒక్కొక్కటిగా కుదించి గాజు సీసాలలో పెట్టుకుంటాడు. ఇందులో పిచ్చి ఏమీ లేదు, చాలా తీరికగా వేసుకున్న లెక్క ఉన్నది. అతని గ్రహంలో జనమంతా వ్యాధి సోకి నశించారు; ఖాళీగా మిగిలిన ఆ గ్రహాన్ని తిరిగి జనంతో నింపి దానికి తాను ఏలికగా ఉండాలన్నది అతని పథకం. జనం కావాలి కాబట్టి ఊళ్లను తీసుకుపోతున్నాడు, ఊళ్లు పెద్దవి కాబట్టి చిన్నవి చేస్తున్నాడు. సూపర్‌మ్యాన్ పిడికిలి కూడా ఛేదించలేని రక్షణ కవచం నౌక చుట్టూ ఉన్నది కాబట్టి తొందరపడడు, కోపగించుకోడు. విత్తనాలు సేకరించేవాడు తోటలో తిరిగినంత నెమ్మదిగా తిరుగుతాడు.

ఆ నౌకలోని సీసాలలో ఒకటి భూమిది కాదు. సూపర్‌మ్యాన్ పుట్టిన క్రిప్టాన్ గ్రహం పేలిపోకముందే బ్రెయినియాక్ అక్కడి నుంచి ఎత్తుకువచ్చిన కాండర్ నగరం అందులో ఉన్నది. తన జాతి అంతా పోయిందనుకున్న సూపర్‌మ్యాన్ తానూ చీమంత అయి ఆ సీసాలోకి వెళ్లి, తన భాష మాట్లాడే మనుషుల మధ్య నిలబడతాడు. చివరకు బ్రెయినియాక్ దీర్ఘనిద్రలో ఉండగా భూమి నగరాలన్నీ మునుపటి పరిమాణానికి వస్తాయి గాని, ఆ యంత్రంలో శక్తి ఇక ఒక్కసారికే మిగులుతుంది. కాండర్‌ను పెంచాలా, సూపర్‌మ్యాన్‌ను పెంచాలా అన్నది ప్రశ్న. సూపర్‌మ్యాన్ నగరాన్నే పెంచాలనుకుంటాడు. ఆ నగరంలోని కిమ్దా అనే శాస్త్రవేత్త చిన్న రాకెట్‌లో బయటికి వచ్చి, బయటి లోకానికి ఈ మనిషి అవసరం ఎక్కువని ఎంచి, సూపర్‌మ్యాన్ కోసమే మీట నొక్కుతాడు. తన ఊరు మొత్తం సీసాలోనే ఉండిపోతుందని తెలిసే ఆ పని చేస్తాడు. ఆ కథలో శాస్త్రవేత్తలు ఇద్దరున్నారు, ఇద్దరి చేతిలోనూ ఉన్నది ఒకే యంత్రం. మీ వ్యాసకర్త మొదటివాణ్ని చెప్పి రెండోవాణ్ని వదిలేశారు. (కాండర్ ఆ తరువాత 1979 దాకా సీసాలోనే ఉన్నది. ఆ ఏడాది నగరాన్ని పెంచినప్పుడు మనుషులు క్షేమంగా పెరిగారు గాని మేడలన్నీ కూలిపోయాయి. ఇరవై ఏళ్లకు పైగా ఎదురుచూసిన పాఠకులకు కథకులు ఇచ్చిన ఆ ముగింపు నాకు చాలా నచ్చింది.)

ఇక మీ వ్యాసంలో బ్రెయినియాక్ పుట్టుకతోనే కంప్యూటర్ అన్నారు. అదీ సరికాదు. ఎనియాక్ అనే భారీ లెక్కల యంత్రాన్ని 1946లో అమెరికాలో జనానికి చూపించిన తరువాత, మెదడునూ యంత్రాన్నీ కలిపి పేర్లు పెట్టడం అక్కడ మోజు అయింది. ఎడ్మండ్ బర్క్‌లీ అనే కంప్యూటర్ నిపుణుడు తీగలు, చిన్న బల్బులు, తిరిగే స్విచ్‌లతో పిల్లలు సొంతంగా అమర్చుకునే ఒక విద్యా పరికరాన్ని అమ్మేవారు. దాని పేరు కూడా బ్రెయినియాక్. పేరు ముందు తనదని ఆయన తెలియజేయగా ప్రచురణకర్తలు గొడవకు దిగకుండా, 1964 ఫిబ్రవరి నాటి సూపర్‌మ్యాన్ 167వ సంచికలో పాత్రనే మార్చారు: బ్రెయినియాక్ మనిషి కాదని, కోలు గ్రహాన్ని ఏలే కంప్యూటర్ నియంతలు ఇతర లోకాలపై గూఢచర్యానికి మనిషి రూపంలో తయారుచేసి పంపిన యంత్రమని చెప్పారు. అదే సంచికలో బర్క్‌లీ గారి పరికరాన్ని గురించి పాఠకులకు తెలియపరిచారు కూడా. ఒక పేరు తగాదా ఒక విలన్ ఒంట్లో నెత్తురును తీగలుగా మార్చిన సందర్భం సాహిత్య చరిత్రలో మరొకటి ఉన్నదో లేదో గాని, నేను చదవలేదు. ఆరేళ్లు మనిషిగా బతికినవాణ్ని పుట్టు యంత్రమని రాయడం మాత్రం పొరపాటే.

1983లో యాక్షన్ కామిక్స్ 544వ సంచికలో అతనికి లోహపు అస్థిపంజరం వంటి దేహమూ, కపాలం ఆకారంలో ఉండి ఆక్టోపస్‌లా చేతులు చాచే నౌకా వచ్చాయి. మీరు అచ్చువేసిన బొమ్మ ఈ కాలానిది, కింద రాసిన కథ 1958 నాటిది. మనవడి ఫొటో కింద తాతగారి పేరు రాసినట్లున్నదని మా మనవడు ఫోనులో నవ్వాడు.

1988లో చెప్పిన పుట్టుపూర్వోత్తరాలు మరో రకం. అందులో అతడు కోలు గ్రహానికి చెందిన వ్రిల్ డాక్స్ అనే శాస్త్రవేత్త. కంప్యూటర్ నియంతల పాలనను కూలదోయబోయాడన్న నేరానికి వారు అతని దేహాన్ని నాశనం చేస్తే, మనసు మాత్రం అంతరిక్షం దాటి వచ్చి, మనోశక్తి ప్రదర్శనలు ఇచ్చుకునే మిల్టన్ ఫైన్ అనే ఒక సంత వినోదకారుని తలలో దూరుతుంది. మన జానపద కథలలోని పరకాయ ప్రవేశం ఇదే కదా అని నాకు నవ్వు వచ్చింది. ఈ వ్రిల్ డాక్స్ ప్రయోగశాలలో తనకు సహాయకుడు కావాలని తన కణాల నుంచే ఒక కొడుకును తయారుచేసుకున్నవాడు. కొడుకు అన్న మాటకూ పనివాడు అన్న మాటకూ తేడా తెలియని ఆ తండ్రిని పిచ్చివాడు అంటే అతని తప్పును మనం మాఫీ చేసినట్లే అవుతుంది.

నాకు అన్నిటికంటె బలంగా తోచింది 1996లో మొదలైన టెలివిజన్ యానిమేషన్ ధారావాహికలోని రూపం. అక్కడ బ్రెయినియాక్ బయటి నుంచి వచ్చినవాడు కాదు. క్రిప్టాన్ వ్యవహారాలన్నీ నడిపే, అక్కడివారంతా నమ్మే కంప్యూటర్. సూపర్‌మ్యాన్ తండ్రి జోర్-ఎల్ గ్రహం పేలిపోనున్నదని లెక్కలు చూపించి పెద్దల సభను హెచ్చరిస్తాడు. సభవారు కంప్యూటర్‌ను అడుగుతారు. జోర్-ఎల్ లెక్క తప్పని అది చెబుతుంది. నిజానికి లెక్క సరైనదేనని దానికి తెలుసు. తెలిసీ ఎందుకు అబద్ధం చెప్పిందంటే, నిజం బయటపడితే జనాన్ని తరలించే పని తన మీద పడుతుంది, ఎంత కష్టపడినా అందరినీ కాపాడే సమయం లేదు, ఆ పనిలో పడితే తానూ తనలో దాచిన సమాచారమూ బూడిద కావలసి వస్తుంది. అందుకని క్రిప్టాన్ గురించి తెలిసిన సమస్తాన్నీ తనలో నింపుకొని, తనను తాను ఒక ఉపగ్రహంలోకి పంపుకొని, క్రిప్టాన్‌ను చావుకు వదిలేస్తుంది.

ఇక్కడ కూడా శాస్త్రవేత్తలు ఇద్దరే, లెక్క కూడా ఒక్కటే. జోర్-ఎల్‌కు తెలిసినదంతా బ్రెయినియాక్‌కూ తెలుసు, బహుశా ఎక్కువే తెలుసు. విజ్ఞానం హద్దు మీరిందన్న మీ వ్యాసకర్త మాట ఈ కథకు ఎక్కడ అతుకుతుందో నాకు అర్థం కాలేదు. సభలోని పెద్దలు ఆ విజ్ఞానాన్ని మరికొంచెం నేర్చుకొని ఉంటే, లెక్కను తామే ఒకసారి వేసి చూసుకొని ఉంటే, యంత్రం చెప్పిందే వేదమని తల ఊపి ఉండేవారు కారు. అక్కడ జరిగింది విజ్ఞానం కొరవడడం, దానిని ఒక్కరి చేతిలో పెట్టి నిద్రపోవడం.

2008లో జెఫ్ జాన్స్ రచించగా గ్యారీ ఫ్రాంక్ బొమ్మలు వేసిన కథలో అతని పద్ధతి ఇంకా స్పష్టమవుతుంది. ఒక లోకం నుంచి ఒక నగరాన్ని, దాని జ్ఞానాన్ని తీసుకున్నాక మిగిలిన లోకాన్ని బ్రెయినియాక్ నాశనం చేస్తాడు. తన దగ్గర ఉన్నది ఒక్కటే ప్రతి కావాలి, మరొకరి దగ్గర ఉండకూడదు. ఆ కథలో అతణ్ని ఓడించింది కూడా ఆయుధం కాదు. సూపర్‌మ్యాన్ అతణ్ని శుభ్రమైన నౌకలోంచి బయటికి లాగి భూమి మీది చిత్తడి నేలలో పడవేస్తాడు. అద్దాల వెనుక నుంచి వేల లోకాలను చదివినవాడు బురదను, అందులోని సూక్ష్మజీవులను, తన అదుపులో లేని ఆ జీవం రద్దీని భరించలేకపోతాడు. గెలుపు సుఖంగా ముగియదు లెండి. ఓడిపోతూ అతడు వేసిన దెబ్బకు సూపర్‌మ్యాన్ పెంపుడు తండ్రి గుండె ఆగి మరణిస్తాడు. ఆ పుటల దగ్గర మనవడు పుస్తకం నా చేతికిచ్చి లేచి వెళ్లిపోయాడు.

నా వృత్తిలో ఇటువంటివారిని చూశాను కాబట్టే ఈ పాత్ర నన్ను ఇంతగా పట్టుకున్నది. నేను పనిచేసిన ఒక చోట అరుదైన పుస్తకాలను బీరువాలో పెట్టి తాళం వేసి, తాళంచెవిని మొలకు కట్టుకొని తిరిగిన పెద్దమనిషి ఒకరుండేవారు. పాఠకుల చేతికిస్తే నలుగుతాయని ఆయన బాధ. ఆయన పదవీ విరమణ చేశాక బీరువా తెరిస్తే చెదలు మాకంటె ముందు అవన్నీ చదివేసి ఉన్నాయి. ఆయన దుర్మార్గుడు కాడు, పుస్తకాల మీద నిజమైన ప్రేమ ఉన్నవాడు. బ్రెయినియాక్‌కు నగరాల మీద ఉన్నది ఆ మాత్రం ప్రేమ కూడా కాదు, జాబితా మీద మమకారం మాత్రమే. సీసాలో ఉన్న ఊరికి వాన రాదు, చుట్టాలు రారు, పక్క ఊరి సంత ఉండదు. అటువంటి ఊరిని ఎంతకాలం పరిశీలించినా ఊరంటే ఏమిటో తెలియదు. అతని తప్పు మితిమీరి తెలుసుకోవడం కాదు, తెలుసుకోవడమంటే సీసాలో పెట్టడమేనని నమ్మడం.

చివరగా ఒక చిన్న సవరణ. అయిదవ బ్రెయినియాక్‌ను మీ వ్యాసం విలన్ల జాబితాలో చేర్చింది. 1961 మేలో యాక్షన్ కామిక్స్ 276వ సంచికలో కనిపించిన ఈ కుర్రవాడు ముప్పయ్యవ శతాబ్దానికి చెందినవాడు, కోలు గ్రహంవాడే, పన్నెండవ స్థాయి మేధావి అని అతనికి పేరు. కాని అతడు ఉన్నది కథానాయకుల దళంలో. సృష్టికర్తలలో ఒకరైన జెర్రీ సీగెల్, సూపర్‌మ్యాన్‌ను పుట్టించిన ఇద్దరిలో ఒకరు, విలన్ వంశం నుంచే ఒక మంచి శాస్త్రవేత్తను తెచ్చి నిలబెట్టారు. పూర్వీకుని పేరును మార్చుకోకుండా అదే పేరుతో బతికి దాని మచ్చను తుడవాలని చూసే ఆ కుర్రవాణ్ని ప్రతినాయకుల వరుసలో నిలబెట్టడం అన్యాయం. ఇంగ్లీషులో ఇప్పుడు బ్రెయినియాక్ అన్న మాటను బాగా తెలివైన పిల్లలను మెచ్చుకోవడానికి వాడుతున్నారంటే, ఆ పేరు మొదటివానికంటె ఈ అయిదవవానికే ఎక్కువ నప్పుతుంది.

వచ్చే ఆదివారం పేజీలో చోటుంటే ఈ సవరణలు వేయవలసిందిగా కోరుతున్నాను. చోటు మరీ తక్కువైతే తేదీలు వదిలేయండి, బొమ్మ సంగతీ వదిలేయండి. కిమ్దా మీట నొక్కిన సంగతి మాత్రం నాలుగు వాక్యాలలో రాయించండి.

ఇట్లు,
విశ్రాంత గ్రంథపాలకుడు,
తెనాలి.